శ్రీపర్వత సిద్ధులు, వారి మూలికావిద్య

మూలికలలో మహిమ యున్నదనియు, ఆ మహిమను వశము చేసికొన్నవారొకప్పుడు మన దేశమున నుండిరనియు వినని పెద్దలు మన పల్లెలలో నుండరు. అరికాళ్లకొక పసరు పూసికొని నిండు కృష్ణను నడచి దాటినవాడొకడు. కంటికొక కాటుక పెట్టుకొని పదిమంది నడుమ నుండియు ఒక్కరికిని కానరానివాడొకడు. ఒక వేరు పుక్కిట నుంచుకొని ఆకలిదప్పులు లేక యేండ్లు గడపినవాడొకడు. చెప్పువారిని బట్టి మనుష్యుడు మాఱును, మూలికయు మాఱును. స్థలము మాత్రము తఱచుగా నొక్కటియే. అది శ్రీపర్వతము. మిర్యాలగూడ నుండి నైఋతి దిక్కుగా కృష్ణవైపు పోయినచో ఎదురగు నల్లమల కొండలే ఆ కథలకు పుట్టినిల్లు. ఆ సిద్ధులెవరు, చెట్టుచేమలనుండి వారేమి రాబట్టదలచిరి, అందు నిజమెంత, ఆ విద్య తుదకేమైనదని విచారించుటయే ఈ ప్రసంగము యొక్క ఉద్దేశము.

శ్రీపర్వతమను పేరు ప్రాచీన గ్రంథములలోను శాసనములలోను రెండు తావులకు వర్తించుచున్నది. మల్లికార్జునుడు వెలసిన శ్రీశైలమొకటి. క్రీస్తుశకము 3, 4 శతాబ్దములలో ఇక్ష్వాకు రాజులు విజయపురిని రాజధానిగా చేసికొని యేలిన లోయ రెండవది. అచటి ప్రాకృత శాసనములలో ఆ కొండకు ‘సిరిపవత’ మని పేరు. ఆ లోయలోని శిథిలములు 1926లో పండితుల కంటబడినవి. దానినే మనము నాగార్జునకొండ యనుచున్నాము. బౌద్ధ విహారములు, స్తూపములు, స్నానఘట్టములు, జ్వరము తగ్గినవారుండు తావని అర్థమిచ్చు ‘విగతజ్వరాలయ’ మను మాట చెక్కిన శిలయు నచట దొరకినవి. 1955 డిసెంబరు 10వ తేదీన నాగార్జునసాగరమునకు శంకుస్థాపన జరిగెను. 1967లో కాలువలకు నీరు వదలిరి. లోయ మునిగినది, త్రవ్వి తీసిన శిల్పములను, కొన్ని కట్టడములను కొండమీదికి చేర్చిరి, ఆ కొండ ఇప్పుడొక ద్వీపము. మిర్యాలగూడ మొదలు కోదాడ వరకు ఎడమ కాలువ క్రింద పండు వరికి పాఱు నీరు ఆ విజయపురి వీధులమీద నిలిచిన జలాశయము నుండి వచ్చునదే. కనుక సిద్ధుల కథ మనకు దూరదేశపు కథ కాదు.

ఇక సిద్ధులనగా ఒక్క మఠమునకు చేరి ఒక్క నియమమునకు కట్టుబడిన సన్న్యాసులని తలపరాదు. వారిలో బౌద్ధులు గలరు, శైవులు గలరు, చెవులకు కుండలములు దాల్చిన నాథయోగులు గలరు. గురువొకడు, శిష్యుడొకడు, నడుమ నొక రహస్యము: వారి వ్యవస్థ యంతయు నింతియే. ఏడుదినములు నడచి శ్రీశైలయాత్ర చేయు భక్తుల మార్గములో నీ సిద్ధుల గుహలు, బిలములు ప్రసిద్ధములు. 13వ శతాబ్దమున పాల్కురికి సోమనాథుడు పండితారాధ్య చరిత్రములో ఒక ప్రకరణమునంతయు ఆ పర్వతమునకే కేటాయించినాడు. 15వ శతాబ్దమున గౌరన శ్రీశైలపు భిక్షావృత్తి మఠాధిపతి కోరికపై నవనాథ చరిత్రమును ద్విపదగా రచించి మత్స్యేంద్ర గోరక్షాదుల కథలను తెలుగువారికి వినిపించినాడు. మన వాడపల్లిలో, మూసీ కృష్ణలో గలియుచోట, అగస్త్యుని పేర వెలసిన శివాలయమున్నది. తమిళదేశపు సిద్ధవైద్యులును తమ పదునెనిమిదిమంది సిద్ధులలో అగస్త్యునే ముందుగా లెక్కింతురు. పేరొక్కటియైనంత మాత్రమున సంబంధమును కల్పించుట న్యాయము కాదు. అయినను కృష్ణ పొడవునను ఋషుల పేర్లకును మందుల పేర్లకును ఎడబాటు లేదనుట స్పష్టము.

ఈ సిద్ధులందఱిలో పెద్దపేరు నాగార్జునునిది. ఇక్కడ కొంత జాగ్రత్త వలయును. మాధ్యమిక దర్శనమును స్థాపించి, శాతవాహన రాజునకు హితవు చెప్పుచు లేఖ వ్రాసెనని ప్రసిద్ధిగాంచిన ఆచార్య నాగార్జునుడు రమారమి 2వ శతాబ్దమువాడు. పాదరసమును గూర్చియు, మూలికలను గూర్చియు గ్రంథములు వ్రాసిన నాగార్జునుడు ఆయనకు పెక్కు శతాబ్దముల తరువాతివాడు. జనులకీ భేదముతో పని లేకపోయెను. ఇద్దఱును గలిసి కథలలో నొక్కడైరి.

హ్యూయన్‌త్సాంగ్ అను చైనా యాత్రికుడు 7వ శతాబ్దమున మన దేశమునకు వచ్చి విన్న కథ యిట్లున్నది. నాగార్జునుడు ఒక ఔషధముచే తనకును, తన మిత్రుడైన శాతవాహన రాజునకును వందల యేండ్ల ఆయువు గల్పించెను. కొండలో విహారము కట్టించుచుండగా రాజు ధనము చాలకపోయినప్పుడు, రాళ్లమీద ఆ మందు చుక్కలు చల్లి వానిని బంగారము గావించెను. రాజు చావడు, కాన రాజకుమారునకు రాజ్యము రాదు. తుదకా కుమారుడు పోయి నాగార్జునుని తలనే దానముగా నడిగెను. ఏ ఖడ్గమునకును లొంగని యా సిద్ధుడు ఎండిన గడ్డిపరకతో తన మెడను తానే త్రెంచుకొనెనట. గడ్డిపరకయే ఆయువిచ్చినది, గడ్డిపరకయే తీసికొన్నది. కథకుని యుక్తి మెచ్చదగినది. 11వ శతాబ్దమున కాశ్మీరములో సోమదేవుడు కథాసరిత్సాగరమున నింకొక ముచ్చట చేర్చినాడు. బిడ్డను పోగొట్టుకొన్న నాగార్జునుడు, లోకములో ఇక నెవ్వరికిని చావు లేకుండునట్లు అమృతము సిద్ధపఱుపబూనెననియు, ఒక్క మూలిక మాత్రమే కలుపవలసియుండగా ఇంద్రుడు అశ్వినీదేవతలను పంపి వారించెననియు ఆ కథ. చెట్టునుండి శక్తి నాశించినవానికి మూలమైన కారణము పుత్రశోకమని చెప్పిన యా కవికి నమస్కరింపవలెను.

ఇప్పుడు సిద్ధుల మతమేమో చూతము. ఓషధికి రుచి యున్నది, వేడి చలువ గుణము లున్నవి, జీర్ణమైన పిదప కలుగు పరిణామమున్నది. ఇవన్నియు వైద్యులెఱిగినవే. కాని కొన్ని మూలికలు ఈ లెక్కకు లొంగవు. చిత్రమూలమును, దంతివేరును రుచిలోను వేడిమిలోను సమానములే. అయినను దంతి విరేచనము చేయును, చిత్రమూలము చేయదు. చరకాచార్యుడే ఈ యుదాహరణ చూపి, కారణమూహింపరాని ఇట్టి శక్తికి ‘ప్రభావ’ మని పేరు పెట్టినాడు. వైద్యుడు ప్రభావమన్నచో సిద్ధుడు మంత్రశక్తి యనెను. తేడా పేరులోనే కాదు, తరువాతి పనిలోను గలదు. వైద్యుడు నలుగురు రోగులకిచ్చి గుణమును చూచెను. సిద్ధుడు ఆ శక్తికొక దేవతను గల్పించి ఆరాధించెను. నాగార్జునుని పేర నున్న రసగ్రంథమున నాగార్జునుడు పండ్రెండేండ్లు తపస్సు చేసి మఱ్ఱిచెట్టునందలి యక్షిణిచే వరము పొందినట్లున్నది. మఱ్ఱిక్రింద దీపము పెట్టు నలవాటు మన యిండ్లలో నిప్పటికిని బోలేదు.

రసశాస్త్ర గ్రంథములు అఱువదినాలుగు దివ్యౌషధులను పేర్కొనుచున్నవి: సోమవల్లి, రుదంతి, జ్యోతిష్మతి, వారాహి, ఈశ్వరి మున్నగునవి. వానిలో సోమవల్లి కథ మిక్కిలి వింతయైనది. సుశ్రుతసంహిత సోమలతలో ఇరువదినాలుగు తెగలను జెప్పి, దానికి పదునైదే ఆకులనియు, శుక్లపక్షమున దినమునకొక్కటి చొప్పున మొలచి పున్నమికి నిండి, కృష్ణపక్షమున దినమునకొక్కటి చొప్పున రాలి అమావాస్యకు తీగ మాత్రము మిగులుననియు చెప్పుచున్నది. ఆ తీగ దొరకు కొండల పట్టికలో హిమవంతము, సహ్యము, మహేంద్రము, మలయములతో పాటు శ్రీపర్వతమును గలదు. ఆయుర్వేదములో ప్రామాణికమైన ఇట్టి గ్రంథమే దారి చూపగా, వెదకుటకు వచ్చినవారు వేలకొలది యగుట వింత గాదు. నిత్యనాథ సిద్ధుడు రసరత్నాకరములో శ్రీశైలము చుట్టునున్న చెట్లు, మడుగులు, బిలములు, రాళ్లు ఏవి యే సిద్ధినిచ్చునో దిక్కులతో సహా వ్రాసినాడు. తూర్పున త్రిపురాంతకము, దక్షిణమున సిద్ధవటము, పడమట అలంపురము, ఉత్తరమున ఉమామహేశ్వరము శ్రీశైలమునకు ద్వారములు. ఆ ద్వారముల నుండి పోవు దారులన్నింటను ఇట్టి గుర్తులతో మూలికలు వెదకువారు తిరిగియుందురు.

సిద్ధుల దృష్టిలో చెట్టుకు తోడు పాదరసము. రసమును కలబందతో నూఱిన మలదోషము పోవునని, త్రిఫలములతో అగ్నిదోషము పోవునని, చిత్రమూలముతో విషదోషము పోవునని వారి సిద్ధాంతము. పసరులచే ‘బంధింప’ బడిన రసము దేహమును వజ్రము చేయును, రాగిని పసిడి చేయును అనిరి. ఇందు దేహమును గూర్చిన మాట అబద్ధము, ప్రమాదకరమును. ఎన్ని పసరులు త్రావించినను పాదరసము పాదరసమే. అది మూత్రపిండములను, నరములను చెఱచునని నేటి వైద్యులు నిస్సందేహముగా చెప్పుచున్నారు. ఏ పసరును రాగిని బంగారము చేయదు.

అయినచో వారు చూచినదేమి? ప్రఫుల్లచంద్ర రాయిగారు హిందూ రసాయనశాస్త్ర చరిత్రలో ప్రకటించిన నాగార్జునుని రసరత్నాకర భాగములలో నొక విధానము గలదు. రసకమను ఖనిజమును ఉన్ని, లక్క, కరక్కాయ, వెలిగారములతో గలిపి మూతవేసిన మూసలో కాల్చినచో తగరమువంటి సారము వచ్చునట. ఆ సారము తుత్తునాగము. కాలిన లక్కయు, కరక్కాయయు బొగ్గై ఖనిజములోని ప్రాణవాయువును లాగికొనగా లోహము మిగిలినది. అదే రసకముతో రాగిని మరల మరల పుటము పెట్టినచో పసుపువన్నె తిరిగి బంగారమువలె మెఱయును, నిజమునకది యిత్తడి. ఈ పని నెఱిగినవారు ప్రపంచములో నింకెందఱో లేని కాలమున వారు దానిని సాధించిరి. లక్కతోను కరక్కాయతోను లోహమును రాబట్టినవాడు చెట్టులో మంత్రమున్నదని తలచుటలో వెఱ్ఱియేమున్నది? కాని మూస మూత తీసి లోపలనేమి జరిగినదో నలుగురితో చర్చించు నాచారము వారికి లేకపోయెను.

మూలిక త్రవ్వు పద్ధతియు నిట్టిదే. ముందుదినమున చెట్టుకు నూలుపోగు చుట్టి ఆహ్వానింపవలెను. పుష్యమీ నక్షత్రము గూడిన ఆదివారము సూర్యోదయమునకు ముందు, మాటలాడక, మంత్రము జపించుచు, ఉత్తరముగా బాఱిన వేరును తీయవలెను. సిద్ధ నాగార్జునుని పేర ప్రచారములో నున్న కక్షపుటమను తంత్రము ఇట్టి విధులతో నిండియున్నది. కక్షపుటమనగా చంకలో నుంచుకొను సంచి. వశీకరణము, స్తంభనము, విద్వేషణము, అదృశ్యము కావలసినవాని సంచిలో నుండవలసిన వేరులన్నియు నందు గలవు. ఈ విధులను పూర్తిగా త్రోసివేయుటయు తగదు. వేరులను ఆకులు రాలిన కాలమున, అనగా శిశిరమున గాని గ్రీష్మమున గాని తీయవలెననియు, బెరడును, దుంపను, పాలను శరత్తులో తీయవలెననియు, చేవను హేమంతమున గ్రహింపవలెననియు చరకుడు నియమించినాడు. ఋతువును బట్టి వేరులో సారము హెచ్చుతగ్గులగుట నేటి పరీక్షలలోను తేలినదే. నక్షత్రము చెప్పినవానిలో ఋతువు నెఱిగినవాడు దాగియున్నాడు. కాని నక్షత్రమునకు కారణము చెప్పలేదు, చరకుడు ఋతువునకు చెప్పినాడు. అందుచే చరకుని మాట సవరింపవచ్చును, పెంచవచ్చును. సిద్ధుని మాటను మ్రింగుట యొక్కటియే గతి.

మ్రింగినవానికేమైనదో బాణభట్టు చెప్పినాడు. హర్షచక్రవర్తి కొలువులోని ఆ మహాకవి 7వ శతాబ్దమున వ్రాసిన కాదంబరిలో, చండికాలయమున నివసించు ఒక వృద్ధ ద్రవిడ ధార్మికుని చిత్రించినాడు. ఆ ముసలివానికి శ్రీపర్వతపు వింతలు వేలకొలది తెలియును. పాతాళము జొరవలెనని, నిక్షేపములు త్రవ్వవలెనని, లోహమును బంగారము గావింపవలెనని వానికి తీఱని యాశ. పొగచూఱిన తాటాకులమీద లత్తుకతో వ్రాసిన మాయతంత్రముల పుస్తకములను కూడబెట్టినాడు. ఎవడో కపటవాది సిద్ధాంజనమని యిచ్చిన కాటుక పెట్టుకొనగా వాని కన్నొకటి పగిలిపోయినది. అయినను బుద్ధి రాలేదు. మిగిలిన కంటికి దినమునకు మూడు మాఱులు కాటుక పెట్టి పెట్టి ఆ కొయ్యపుల్ల నున్నబడినది. సరిగా సిద్ధము గాని రసాయనమును సేవించి అకాలజ్వరము తెచ్చుకొన్నాడు. వశీకరణ చూర్ణమును బాటసారులైన ముదుసలి సన్న్యాసినులమీద చల్లి చూచినాడు.

బాణుడిది నవ్వించుటకే వ్రాసినాడు. మనమును మొదట నవ్వుదుము. కాని వైద్యుడొకడు చదివినచో ఆ వర్ణన రోగి చరిత్రవలె కనబడును: కన్ను పోవుట, జ్వరము, మతిచాంచల్యము. కాటుకలో నేమున్నదని ఆ ముసలివాడు అడుగలేదు, అడిగినను చెప్పువాడు లేడు. ఇచ్చినవాడు మఱుసటి యూరికి పోయెను. దక్షిణదేశపు వాడొకడు శ్రీపర్వతపు పేరు చెప్పి పదమూడు వందల యేండ్ల క్రిందట కన్ను పోగొట్టుకొనుట కవికల్పితమే కావచ్చును. చదువరులు నమ్మునట్లు కల్పించుటకు అట్టివారు ఊరూర నుండి యుండవలెను గదా!

సిద్ధులు వాడిన మొక్కలలో నెన్నియో విషములని వారే యెఱుగుదురు. జిల్లేడు, జెముడు, ఉమ్మెత్త, గన్నేరు, గురివింద, ముష్టి, లాంగలి యను అడవినాభి, ఇవి ఉపవిషములలో లెక్క. ముష్టిగింజలను గోమూత్రమున నానవేసి, పాలలో నుడికించి, నేతిలో వేయించి శుద్ధిచేయుట ప్రసిద్ధ విధానము. అందులో విషము తగ్గుననుట సత్యము, పూర్తిగా పోవుననుట సత్యము గాదు. ఆ గింజలలోని విషసారమును, స్ట్రిక్నిన్ అనుదానిని, 1818లో ఫ్రెంచి శాస్త్రజ్ఞులు ఆ జాతి చెట్టు గింజలనుండి వేఱుచేసి చూపినారు. ఉమ్మెత్త తిన్నవానికి నోరెండును, కనుపాప విచ్చును, లేనివి కనబడును, లేచి పరుగెత్తును. ఎగిరితినని, పాతాళమును చూచితినని చెప్పిన సాధకులలో కొందఱు నిజముగనే అట్లు చూచియుందురు, చూపినది ఉమ్మెత్త. గన్నేరు గుండెను ఆపును. అడవినాభి దుంపను చిలగడదుంపయని భ్రమసి తిని చచ్చినవారు గలరు.

అట్లని విషమనగానే పాఱవేయరాదని చెప్పుటకు ఆ అడవినాభియే సాక్షి. అందలి కాల్చిసిన్ అను సారము వాతరక్తపు నొప్పికి నేటికిని వాడుకలో నున్న మందు. సర్పగంధి వేరు వెఱ్ఱికిచ్చుట మన వైద్యులలో పూర్వాచారము. 1931లో కలకత్తాలో గణనాథ సేను, కార్తికచంద్ర బోసు అనువారు ఆ వేరు రక్తపుపోటును తగ్గించునని పరీక్షించి ప్రకటించిరి. 1952లో స్విట్జర్లాండులో దాని సారమును వేఱుచేసిరి. అది కొందఱి మనస్సును క్రుంగదీయుననియు తరువాత తెలిసినది, తెలిసినదానిని దాచలేదు. మన పెరళ్లలో పూయు బిళ్లగన్నేరు ఆకులనుండి తీసిన రెండు సారములు 1960ల నుండి రక్తపుక్యాన్సరు వచ్చిన పసిబిడ్డలను బ్రదికించుచున్నవి. నాగార్జునుడు కోరినది యిట్టిదే గదా. కాని ఆ ఆకును నమలి మ్రింగినవాడు బాగుపడడు, విషమెక్కును. తూకము, శుద్ధి, పరీక్ష లేనిచో మూలిక ఒక్కటే, ఫలము వేఱు.

సిద్ధుల విద్యలో ఎంత పోయినదో కూడ చెప్పవలెను. పైని పేర్కొన్న దివ్యౌషధులలో పెక్కింటిని నేడు గుర్తింపగలవారు లేరు. సోమలత యేదియని నూఱు సంవత్సరములకు పైగా పండితులు వాదించుచున్నారు. ఒకరొక తీగను చూపుదురు, ఒకరు హిమాలయపు పొదను చూపుదురు, ఒకరు పుట్టగొడుగు నందురు. గురువు శిష్యుని చెవిలో చెప్పెను. శిష్యుడు లేనప్పుడు పేరు మిగిలెను, మొక్క మిగులలేదు. వాడుకలో నున్న మొక్కలకును ఈ చిక్కు తప్పలేదు. బ్రాహ్మియన్న పేరుతో ఒక దేశమున నొక మొక్కను, వేఱొక దేశమున సరస్వతి ఆకును వాడుచున్నారు. రాస్నయని ఉత్తరాదివారు తెచ్చునది యొకటి, మనము వాడు సన్నరాష్ట్రము వేఱొకటి.

మన పల్లెలలోను మందు పేరు చెప్పిన గుణము పోవునను నమ్మిక యున్నది. కామెరకు పసరు పోయువారు, తేలుకాటుకు ఆకు నలిపి పెట్టువారు, విఱిగిన యెముకకు కట్టుకట్టువారు పెక్కురు ఆకును గుప్పిట దాచి తెత్తురు. దీనికి ఒక న్యాయమును గలదు: పేరు బయటపడినచో తమ గౌరవము పోవుననియు, అంగడివాడు దోచుకొనుననియు భయము. ఆ భయము నిర్మూలము కాదు. 1995లో అమెరికాలో పసుపు గాయములను మాన్పుననుటకు ఇద్దఱు హక్కుపత్రము సంపాదించిరి. మన దేశపు శాస్త్రీయ పరిశోధనా మండలి ఆ హక్కును ఎదుర్కొనెను. దేనితో? పసుపు వాడుకను గూర్చి ముందే వ్రాసి ప్రకటించిన గ్రంథములతో. 1997లో ఆ హక్కు రద్దయినది. గుప్పిటలోని పసుపు ఆ వ్యాజ్యెమున సాక్ష్యమిచ్చియుండదు. పుటలో వ్రాసిన పసుపు సాక్ష్యమిచ్చినది. 2002 సంవత్సరపు జీవవైవిధ్య చట్టము క్రింద ప్రతి స్థానిక సంస్థయు, అనగా మన పంచాయతీయు, తన యెల్లలోని మొక్కలను, వాని వాడుకలను ప్రజల జీవవైవిధ్య పట్టికలో వ్రాయవలసియున్నది. వ్రాయు గుమాస్తాకు చెట్టు తెలియదు. చెట్టు తెలిసిన పెద్దలు ప్రక్కన కూర్చుండవలెను.

పేరు చెప్పినందున విద్య పోదనుటకు మన తెలుగుదేశమునందే మంచి దృష్టాంతము గలదు. విలియం రాక్స్‌బర్గు అను వైద్యుడు 1781 నుండి 1793 వరకు గోదావరి ప్రాంతపు సామర్లకోటలో ఈస్టిండియా కంపెనీ తోటకు అధికారిగా నుండెను. ఆయన కోరమాండలు తీరపు మొక్కలను దేశీయ చిత్రకారులచే వ్రాయించి, ఒక్కొక్క మొక్కకు తెలుగుపేరు గుర్తించి, లండనులో 1795 మొదలు మూడు సంపుటములుగా అచ్చువేయించెను. పటములు మూడువందలు. మన అడవులలో సోమి, సోమిద యని పిలువబడు చెట్టు గలదు. దాని మ్రాను చెదపట్టని కలప, బెరడు చేదు. ఆ బెరడును రాక్స్‌బర్గు చలిజ్వరపు రోగులకిచ్చి, అప్పటికి ప్రసిద్ధమైన సింకోనా బెరడుతో పోల్చి, 1793లో దానిపై ప్రత్యేకముగ నొక చిన్న గ్రంథమును ప్రకటించెను. సింకోనా స్థానమును సోమి ఆక్రమింపలేదు. పరీక్షలో తేలినంత తేలినది, తేలినది వ్రాయబడినది. 1830లో ఫ్రెంచి వృక్షశాస్త్రజ్ఞుడు ఆ చెట్టుకు ప్రత్యేక గణమును గల్పించి, తెలుగుపేరునే తీసికొని సోయ్మిడా యని నామకరణము చేసెను. నేడును ప్రపంచమంతట దాని శాస్త్రనామమదియే.

ఈ పనికి తోట యక్కఱలేదు, ఉద్యోగమక్కఱలేదు. పువ్వుతోనో కాయతోనో కూడిన చిన్న కొమ్మను పాత వార్తాపత్రిక మడతలో నుంచి, పైని బరువు పెట్టి, రెండు మూడు దినములకొకసారి కాగితము మార్చుచు ఎండనిచ్చినచో ఆకు రూపు చెడక యేండ్లకొలది నిలుచును. దానిని దళసరి కాగితమునకు అంటించి, క్రింద మన యూరి పేరు, ప్రక్క యూరివారు పిలుచు పేరు, ఏ నెలలో ఏ గట్టున దొరకినది, వేరా, బెరడా, ఆకా, దేనికి, ఎంత, ఎవరికి ఇయ్యరాదు అను సంగతులు వ్రాయవలెను. మనుమడో మనుమరాలో వ్రాసిపెట్టుదురు, పాఠశాలలో పిల్లలకు చూపుదురు. తెలియని వేరును, పసరును బాటసారి చేతినుండి కొని మ్రింగినవాడు వాంతియో, మైకమో, గుండెదడయో పొందినచో, నాటుమందులతో కాలయాపన చేయక రోగితో పాటు మిగిలిన వేరును కూడ ఆసుపత్రికి తీసికొనిపోవలెను; వైద్యునకు రోగిని చూచుట యెంతో ఆ వేరును చూచుట యంత అవసరము. ఉమ్మెత్త, గన్నేరు, ముష్టి, అడవినాభి అంటించిన పుటలలో పేరుకంటె ముందు ‘విషము’ అని ఎఱ్ఱసిరాతో పెద్ద అక్షరములలో వ్రాయించవలెను.